కరువు ఏడాది కారంజి

ఆదోనిలో మా అత్తగారింటికి ఊరి బయట ఒక తోట ఉండేది. ఎమ్మిగనూరు పోయే రోడ్డు పక్కన, గిన్నింగు మిల్లుల పొగగొట్టాలు దాటాక. ఆ తోట గురించి ఎవరైనా అడిగితే మల్లెపందిళ్ళ సంగతి, మామిడి చెట్ల సంగతి గంటలకొద్దీ చెప్తాను. కారంజి సంగతి మాత్రం ఎత్తను. మా పిల్లలకు కూడా చెప్పలేదు. ఇప్పుడు చెప్తున్నాను కాబట్టి ముందే ఒప్పుకుంటాను, ఇందులో నేను చేసిన పనుల్లో ఒక్కటీ మెచ్చుకోదగ్గది లేదు. చదివి నన్ను తిట్టుకోండి, నేనేమీ అనుకోను. నన్ను నేను తిట్టుకున్నంత మీరెవరూ తిట్టలేరు.

అసలు ఆ ఊరి వర్తకులకు తోటలెందుకో చెప్పాలి. వాళ్ళ ఇళ్ళు బజారు వీధుల్లో ఒకదాన్నొకటి ఆనుకుని ఉండేవి. కింద అంగడి, వెనక గోదాము, పైన కాపురం. పత్తి వచ్చే కాలంలో నూగు గాల్లో తేలుతూ వచ్చి పాలగిన్నె మీద, దేవుడి పటాల మీద, నిద్రపోయే పిల్లల రెప్పల మీద వాలేది. పొద్దున లేచి ఊడిస్తే చేటెడు వచ్చేది. అందుకని ఊపిరాడటానికి ఊరి బయట తోట. ఇది పైకి చెప్పుకునే కారణం. అసలు కారణం, పక్కింటాయనకు తోట ఉండటం. ఒకరు మంటపం కట్టిస్తే ఇంకొకరు మంటపానికి రంగుటద్దాలు పెట్టించేవారు. ఒకరు బళ్ళారి నుంచి గులాబీ అంట్లు తెప్పిస్తే ఇంకొకరు నెమళ్ళు తెప్పించేవారు. నెమళ్ళు రెండు రోజులుండి గుట్టలోకి పారిపోయేవి, అది వేరే సంగతి.

మా మామగారు చెప్పేవారు, ఒకప్పుడు కోటను ఏలినవాళ్ళు కొండ కింద తోటలు వేయించుకున్నారట. వాళ్ళు పోయారు, తోటలు పోయాయి, ఆ సరదా మాత్రం వర్తకులకు అంటుకుంది. మాటలు కూడా వాళ్ళవే మిగిలాయి. నీళ్ళు నిలబడే రాతి తొట్టిని మేము హౌజు అనేవాళ్ళం. దాని మధ్యలో నీళ్ళు పైకి చిమ్మే గొట్టం కారంజి. ఈ మాట మాత్రం కన్నడం వైపు నుంచి వచ్చింది. చదువుకున్న మా ఆయన ఫౌంటెను అనేవాడు. మా ఊరంతటికీ కారంజి ఉన్న తోటలు రెండో మూడో. అందులో ఒకటి మాది.

మగవాళ్ళకు ఆ తోట బొంబాయి నుంచి వచ్చిన పత్తి కొనుగోలుదార్లను కూర్చోబెట్టి ఓళిగలు, అంటే బొబ్బట్లు, తినిపించే చోటు. ఆడవాళ్ళకు మాత్రం ఏడాదిలో రెండుసార్లే. కార్తీకంలో ఉసిరి చెట్టు కింద భోజనాలకు ఒకసారి, మల్లెలు విరగబూసే చైత్రంలో గౌరమ్మ పేరంటానికి ఒకసారి. చైత్రగౌరిని చిన్న ఊయలలో కూర్చోబెట్టి ఊపుతూ పాటలు పాడి, ముత్తైదువులకు కాళ్ళకు పసుపు రాసి, పానకం, నానిన పెసరపప్పు కోసంబరి పెట్టి పంపేవాళ్ళం. తక్కిన ఇళ్ళల్లో ఇది నట్టింట్లో జరిగేది. మా అత్త మాత్రం తోటలోనే చేసేది. ఆ రోజు తోటలోకి మగపురుగు రాకూడదు. ఒక్క కపిల తాత తప్ప.

కపిల అంటే ఇప్పటి పిల్లలకు తెలియదు. బావిలోకి తోలుసంచి కట్టిన బాన దించి, మోకును ఎద్దులకు కట్టి, వాటిని వాలుబాటలో కిందికి తోలితే బాన పైకొస్తుంది. ఎద్దులు వెనక్కి ఎక్కాలి, మళ్ళీ దిగాలి. మా తోటలో ఆ పని చేసేది ఒక ముసలాయన. అందరం తాతా అని పిలిచేవాళ్ళం. బావి గట్టు మీద మనిషెత్తు కట్టడం కట్టి దాని మీద ఒక తొట్టి పెట్టారు. ఆ తొట్టి నిండాక బిరడా తీస్తే నీళ్ళు ఇనుప గొట్టంలో భూమి కిందగా పోయి కారంజిలో లేస్తాయి. తొట్టి నిండటానికి ఎద్దులు సగం పగలు తిరగాలి. ఆ నీళ్ళు కారంజిలో ఎంత ఎత్తు లేస్తాయనుకున్నారు? ఇంత చేస్తే నా నడుము ఎత్తు. ఎంతసేపు? నింపాదిగా ఒక ఓళిగ తినేంత సేపు.

తోట వెనక ఇరవై ముప్పై కొట్టాలుండేవి. కూలి చేసుకునే జనం. వాళ్ళకు దగ్గర్లో వేరే బావి లేదు. మా మామగారి నాయన ఆ తోట వేయించినప్పుడే ఒక కట్టుబాటు పెట్టాడట. వేసవి వస్తే పొద్దున చెట్లకు నీళ్ళు, మధ్యాహ్నం కపిల కట్టకూడదు, బావిలో ఊట ఊరాలి. మాపటికి ఊరిన నీళ్ళు కొట్టాలవాళ్ళవి. తాత ఆ నీళ్ళు తోడి కింద తొట్టిలో పోస్తే వాళ్ళు కడవలు ముంచుకుని పోయేవారు. బావిని వాళ్ళు ముట్టుకోకూడదు, అందుకని ఆ తొట్టి. ఈ ఏర్పాటు చూసి మా ఇంట్లో అందరూ మా పెద్దాయన ధర్మాత్ముడు అని చెప్పుకునేవారు. నేనూ చెప్పుకున్నాను.

నాది ఎమ్మిగనూరు. మా నాయనది నూలు అంగడి. అంగడి అంటే నాలుగు బీరువాలనుకునేరు, రెండు పలకల అరలు, ఒక త్రాసు. మా అమ్మ రోజూ దిగుడుబావికి పోయి మూడు కడవల నీళ్ళు మోసేది. కోమట్ల ఇంటి ఆడది నీళ్ళు మోయడమేమిటని వీధిలో అనేవారు. మా అమ్మ, "మోయకుంటే నీళ్ళే నడిసొస్తాయా?" అనేది. అలాంటి ఇంటి నుంచి పద్దెనిమిదేళ్ళకు ఆదోని పత్తి వర్తకుల ఇంట్లో పడ్డాను. కొత్త బిచ్చగాడు పొద్దెరగడంటారే, అది నేనే. పుట్టింటికి పోయినప్పుడల్లా తోట తోట అని ఒకటే ఊదరగొట్టేదాన్ని. "మా తోటలో నీళ్ళు లేచి నిలబడతాయి తెల్సా" అంటే మా వీధి ఆడవాళ్ళు నవ్వారు. "నీళ్ళు నిలబడతాయంట, రేపు కూసుంటాయేమో" అని ఒకామె మూతి తిప్పింది. నాకు ఒళ్ళు మండింది. మా అమ్మతో అన్నాను, "గౌరమ్మ పేరంటానికి రా, నీ కండ్లతో సూసిపోయి వాళ్ళకు సెప్పు."

ఆ ఏడాది వచ్చింది కరువు. అప్పటికే రెండేళ్ళుగా వానల్లేవు. ఎక్కడ చూసినా గంజి కేంద్రాలు, వాటి ముందు ముంతలు పట్టుకున్న జనం. మా తోటలో గులాబీలు ఎండిపోయాయి. మల్లెకు రోజు విడిచి రోజు నీళ్ళు. పేరంటం ముందురోజు మా అత్త ఇంట్లో అందరికీ వినిపించేలా చెప్పింది. "ఈ ఏడు కారంజి ఊసెత్తాకండి. గౌరమ్మ ముందర కలశంలో నీళ్ళుంటే సాలు." మా అత్త నోరు పెద్దది, చేయి గట్టిది, కానీ ఆ మాట ఎంత న్యాయమైన మాట! నేనూ తలూపాను. తలూపి, రాత్రంతా మా అమ్మ వస్తే ఏం చూపించాలా అని కుమిలాను. చూడండి నా దుఃఖం.

పేరంటం రోజు పొద్దున్నే వంటవాళ్ళతో కలిపి నన్ను జట్కాలో ముందు పంపించారు. అత్త మడి కట్టుకుని గౌరమ్మను తీసుకుని మధ్యాహ్నం మీద వస్తుంది. పొయ్యిలు వెలిగించారు. తాత అప్పుడే మల్లెలకు నీళ్ళు పెట్టి, ఎద్దులను విప్పి, చింతచెట్టు కింద కట్టేస్తున్నాడు. నేను పోయి నిలబడ్డాను.

"తాతా, ఈ పొద్దు కారంజి ఆడాలంట."

"ఎవరు సెప్పినారు తల్లీ?"

"అత్త సెప్పమనింది."

ఎంత సులువుగా వచ్చిందో ఆ మాట! అత్త సొమ్ము అల్లుడు దానం చేసినట్టు, అత్త పేరు కోడలు వాడుకుంది.

తాత తువ్వాలతో మొహం తుడుచుకున్నాడు. "బాయిలో నీళ్ళు యాడుండాయమ్మా? ఇప్పుడు కపిల గడితే మాపటికి ఊట అందదు. కొట్టాలోళ్ళు కడవలెత్తుకొని వస్తారు, ఏమని సెప్పాల? మా బిడ్డ కాన్పయి పదకొండు దినాలాయె. ఇంట్లో సుక్క నీళ్ళు లేవు. పెద్దమ్మకు ఇదంతా తెల్సు గదా."

నాకు తెలిసిపోయింది, ఇక్కడ ఆగిపోవాలని. ఆగితే పరువు పోతుందనిపించింది. ఎవరి ముందు? ఒక్క తాత ముందు! ఆయన ముందు మాట వెనక్కి తీసుకోలేక, ముప్పై ఇళ్ళ నీళ్ళు తీసేసుకున్నాను.

"నాకేం తెల్సు తాతా? అత్త సెప్పింది, నేను సెప్పినా. కావాలంటే ఊర్లోకి పోయి ఆమెనే అడుగు."

ఆయన ఊర్లోకి పోలేడని నాకు తెలుసు. పోయినా మడిలో ఉన్న అత్త ముందుకు ఆయన్ను రానివ్వరని కూడా తెలుసు. తాత ఎద్దులను మళ్ళీ విప్పాడు. "పెద్దమ్మ సెప్పినాంక నాదేముంది" అని మళ్ళీ మోకు అందుకున్నాడు. రోజూ కపిల తోలుతూ ఏదో ఒక పదం పాడేవాడు. ఆ రోజు పాడలేదు.

ఎండ నడినెత్తికొచ్చే వేళకు ఎమ్మిగనూరు బస్సు తోట ముందు ఆగింది. మా అమ్మ దిగింది, చేతిలో మూట. తెల్లారి లేచి నువ్వులద్దిన జొన్నరొట్టెలు చేసి గుడ్డలో కట్టుకొచ్చింది. నా కళ్ళు మూట మీద పడలేదు, చీర మీద పడ్డాయి.

"పట్టుచీర కట్టుకొని రమ్మంటి గదమ్మా."

"ఈ ఎండలో పట్టేందే? ఇది మనూరి మగ్గం మీది. మొన్ననే కోసినారు, సూడు ఎంత సల్లగుందో" అని కొంగు నా చేతికిచ్చింది. ఎరుపంచు నూలుచీర, గంజి వాసన ఇంకా పోలేదు. నిజంగా చల్లగా ఉంది. నేను మాత్రం మొహం ముడుచుకున్నాను.

అమ్మ చెట్టు నీడకు పోతూ ఆగింది. "ఇంత ఎండలో ఎద్దుల్ని తోలతాండారేమే?"

"కారంజికమ్మా. నీకు సూపియ్యాలనే."

"నాకా?" అంది అమ్మ. ఎద్దుల నోటి నుంచి నురగ కారుతోంది. కాసేపు చూసి, "నాకెందుకే ఇదంతా?" అంది. మొహమాటానికి అంటోంది అనుకున్నాను. నా బుద్ధి అప్పుడు గడ్డి మేయడానికి పోయింది.

మధ్యాహ్నం దాటాక అత్త వచ్చింది, వెనకే జట్కాల్లో పేరంటాళ్ళు. మొత్తం పట్టుచీరలే, మంటపం కళకళలాడిపోయింది. గౌరమ్మను ఊయలలో కూర్చోబెట్టారు. పాటలయ్యాయి. పానకం గ్లాసులు చేతుల్లోకి వచ్చే వేళకు నేను తాతకు సైగ చేశాను. గొట్టం గరగరమంది, తుప్పునీళ్ళు ఉమ్మింది, ఆ తర్వాత తెల్లటి నీళ్ళు లేచాయి.

నిజం చెప్పాలి, బాగుంది. రెండేళ్ళుగా ఆకాశం నుంచి చుక్క చూడని కళ్ళకు ఆ నీళ్ళు లేచి పడుతుంటే ఒళ్ళు ఝల్లుమంది. పిల్లలు కేరింతలు కొట్టారు. ఆడవాళ్ళు కుచ్చెళ్ళు ఎత్తి పట్టుకుని హౌజు మెట్ల మీద కూర్చుని కాళ్ళు నీళ్ళలో పెట్టారు. మా అత్త మాత్రం కొయ్యబారిపోయింది. తాత వైపు ఒక చూపు చూసింది. ఇంతలో నూనెమిల్లు ఇంటి పెద్దామె అంది, "ఊరంతా గొంతెండి సస్తాంటే మీ ఇంట్లో కారంజి ఆడతాంది. లక్ష్మి అంటే మీదమ్మా!" పక్కనున్న వాళ్ళందరూ ఔనన్నారు. అత్త తెరిచిన నోరు మూసుకుంది. పొగడ్త పడ్డ నోట్లోంచి తిట్టు ఎలా వస్తుంది? చిన్నగా నవ్వి, "ఏదో, పెద్దోళ్ళ పుణ్యం" అంది. నేను అమ్మ వైపు గర్వంగా చూశాను. అమ్మ కారంజిని చూడటం లేదు. హౌజు మూలన అడుగున ఒక తూము ఉంది, పడిన నీళ్ళు దాంట్లోంచి మెల్లగా మల్లెపాదుల్లోకి పోతాయి. అమ్మ దాన్ని చూస్తోంది.

పొద్దు వాలింది. తోట వెనక గట్టు మీద కొట్టాల ఆడవాళ్ళు వరసగా కనిపించారు, చంకల్లో కడవలు. కింద తొట్టి ఎండి ఉంది. తాత బాన దించాడు. ఎద్దులు కిందికి నడిచాయి, బాన పైకొచ్చింది, అందులోంచి తొట్టిలోకి పడింది అడుసు. ఇంకోసారి దించాడు. మళ్ళీ అడుసే. ఆయన మోకు వదిలేసి గట్టు మీద కూలబడ్డాడు.

ఆడవాళ్ళు మొదట బావి వైపు చూశారు, తర్వాత హౌజు వైపు. కారంజి అప్పటికే ఆగిపోయింది. హౌజులో మాత్రం మోకాలి లోతు నీళ్ళున్నాయి, వాటిలో పసుపు, పూలరేకులు, పిల్లలు పారేసిన కోసంబరి. ఒక అవ్వ నాలుగడుగులు ముందుకొచ్చి ఆగింది. "అమ్మా, ఆ నీళ్ళైనా ముంచుకుంటాం."

పేరంటాళ్ళలో గుసగుసలు లేచాయి. హౌజు మెట్లు మంటపానికి ఆనుకుని ఉన్నాయి. మంటపంలో గౌరమ్మ ఉంది. వాళ్ళు మెట్లు దిగితే మైల కాదా అని ఒకామె, పాప పుణ్యాలు చూడాలని ఇంకొకామె. అత్త నన్ను పిలిచింది. "పేరంటమయినాంక ముంచుకోమని సెప్పు పో." ఆమె కఠినంగా అనలేదు. కానీ పేరంటం అయ్యేలోపు తూములోంచి నీళ్ళన్నీ మల్లెపాదుల్లోకి పోతాయని ఆమెకు తట్టలేదు. నాకు తట్టింది. ఆ మాట చెప్పాలంటే ఎద్దులను ఎవరు కట్టమన్నారనే మాట వస్తుంది. అందుకని నోరు మూసుకుని అవ్వ దగ్గరికి పోయాను.

పోయి ఏమన్నానో తెలుసా? వాళ్ళ మేలు కోరేదానిలాగా, "అవి కాళ్ళు కడిగిన నీళ్ళవ్వా. తాగేదానికి పనికిరావు" అన్నాను.

అవ్వ నా మొహంలోకి చూసింది. "మీ కాళ్ళే గదా తల్లీ, పర్వాలేదు. తేరినాంక వడగట్టుకుంటాం. అవతలి బాయి ఆమడ దూరముండాది, మునిమాపు పడితే దోవ కనపడదు. ఇంట్లో బాలింత ఉండాది."

ఆ మాటల్లో నా మీద కోపం లేదు. వెనక నీళ్ళ చప్పుడైంది. తిరిగి చూస్తే మా అమ్మ హౌజులో ఉంది.

రొట్టెలు కట్టుకొచ్చిన గుడ్డను ఉండగా చేసి తూములో కుక్కింది. కొత్త నూలుచీరను మోకాళ్ళ పైకి దోపుకుంది. గంజి చీర నీళ్ళు పీల్చి బరువెక్కి ఒంటికి అంటుకుపోయింది. "కడవలియ్యండి" అంది గట్టిగా. హౌజు గోడ నడుమెత్తే. కొట్టాల ఆడవాళ్ళు గోడ అవతల నిలబడి, మెట్లు తొక్కకుండా, కడవలు అందించారు. అమ్మ ఒక్కొక్కటీ తీసుకుని, రేకులు చేత్తో తొలగించి, ముంచి, గోడ మీద పెడుతోంది. మైల మాట ఎత్తినవాళ్ళకు అడ్డు చెప్పడానికి ఏమీ లేకుండా చేసింది. హౌజులో దిగింది కోమటి ముత్తైదువే మరి.

"అయ్యో, వాళ్ళ కడవలు ముట్టుకుంటాందే!" అని మంటపంలోంచి ఎవరో అన్నారు. అత్త చూసింది. తన వియ్యపురాలు పదిమందిలో నీళ్ళు ముంచుతోంది. గౌరమ్మ వైపు తిరిగి గట్టిగా హారతి పాట ఎత్తుకుంది. నీళ్ళు దొరికాయని నేను సంతోషించలేదు, తల కొట్టేసినట్టయింది. నా అత్తింటి మనుషుల ముందు మా అమ్మ పనిమనిషిలా తడిసి నిలబడిందే అని. గబగబా పోయి మెట్టు మీద నుంచి చేయి చాచాను.

"లేయమ్మా, నీకు దండం పెడతా. అందరూ సూస్తాండారు. నా పరువు తీయాకు."

"సూడనీ" అంది అమ్మ, తలెత్తకుండా. "నువ్వూ దిగు. ఇద్దరమైతే బిన్నా అయిపోతాది."

దిగి ఉంటే! ఆ మెట్టు ఒక్కటి దిగి ఉంటే ఈ కథ చెప్పుకోవడానికి ఇన్నేళ్ళు పట్టేది కాదు. నేను మంటపంలోకి వెనక్కి వచ్చేశాను.

అక్కడ నూనెమిల్లు ఇంటి కొత్త కోడలు నిలబడి ఉంది. బళ్ళారి పిల్ల, పెళ్ళై రెండు నెలలు, మా ఇంటివాళ్ళెవరో ఆమెకు తెలియదు. ఒంటినిండా నగలు. హౌజు వైపు వేలు చూపి నన్నడిగింది, "ఆమె ఎవరండీ?"

అమ్మ నాలుగు మూరల దూరంలో ఉంది.

"ఎవరో మా ఊరామె" అన్నాను. "పనికి తోడొచ్చింది."

అమ్మ చేతిలో కడవ నీళ్ళలో సగం మునిగి ఆగింది. ఒక్క క్షణమే. మళ్ళీ ముంచి, నింపి, గోడ మీద పెట్టింది. "ఇంకోటియ్యండి" అంది.

తర్వాత సంగతులు ఇక్కడే చెప్పేస్తాను, చివర్లో వాటితో మొహం దాచుకోకుండా. ఆ సాయంత్రం కొట్టాల కడవలన్నీ నిండాయి, ఆఖరు రెండింటిలో బురద ఎక్కువే వచ్చింది. తాత బిడ్డకు నీళ్ళు అందాయి. ఎద్దులను ఎవరు కట్టమన్నారని మా అత్త ఆ రోజూ అడగలేదు, తర్వాతా అడగలేదు. వచ్చిన పేరు ఆమెకూ తియ్యగానే ఉన్నట్టుంది. తాత మాత్రం పోయేదాకా అది పెద్దమ్మ చేయించిన పనే అనుకున్నాడు. కొట్టాల్లో మా అత్త పేరు అలాగే చెడింది. నేను బాగు చేయలేదు. కొన్నేళ్ళకు తోటకు కరెంటు మోటారు వచ్చింది, కారంజి గొట్టం తుప్పు పట్టి విరిగింది, నేను సంతోషించాను. అమ్మ నా కాన్పులకు వచ్చింది, పిల్లలను పెంచింది, నాతో నవ్వింది, నన్ను తిట్టింది. ఆ రోజు మాట మాత్రం ఎన్నడూ ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. ఎత్తి క్షమించమని అడగాలని ఎన్ని సార్లు అనుకున్నానో. ఆమె పోయేదాకా రేపు రేపు అనుకుంటూనే ఉన్నాను.

హారతి అయ్యాక వాయనాలిచ్చే పని నాది. పసుపుగిన్నె ముందు పెట్టుకుని పీట పక్కన కూర్చున్నాను. ఒక్కొక్క ముత్తైదువ వచ్చి పీట మీద కూర్చుంటే కాళ్ళకు పసుపు రాసి, బొట్టు పెట్టి, తాంబూలం, శనగలు, రవికెగుడ్డ ఇవ్వాలి. పెద్దవాళ్ళయ్యారు, చిన్నవాళ్ళయ్యారు. బళ్ళారి పిల్ల వాయనం తీసుకుని, జట్కా ఇంకా రాలేదని నా పక్కనే నిలబడింది. పళ్ళెంలో ఒక్క వాయనం మిగిలింది. తల్లి ఇంటిమనిషి లెక్క, అందరూ అయ్యాక తీసుకోవాలి. అమ్మ వచ్చింది. దోపుకున్న చీర దించుకుంది, కానీ కుచ్చెళ్ళ నుంచి నీళ్ళు కారుతున్నాయి. పీట మీద కూర్చోలేదు. నిలబడే అంది.

"నేను ఎమ్మిగనూరు నుంచి పనికి తోడొచ్చినదాన్ని తల్లీ. నాకూ పసుపుకుంకుమ ఇస్తారా?"

ఎత్తిపొడుపు ఉందేమోనని వెతికాను. లేదు. పక్కన బళ్ళారి పిల్ల ఉందని చూసి, నా మాట నిలబెట్టడానికే అలా అడిగింది. కన్నకూతురిని మీరు అని. పీట చూపించాను, కూర్చుంది. కుడికాలికి పసుపు రాశాను. తడికాలు, పసుపు అంటలేదు, జారిపోయింది. కొంగుతో తుడిచి మళ్ళీ రాశాను. అరికాలు చల్లగా, ముడతలు పడి ఉంది, వేళ్ళ సందుల్లో బురద. ఎడమకాలు చేతిలోకి తీసుకున్నాను.

"మీ పనామె శానా మంచిదండీ" అంది బళ్ళారి పిల్ల.

అమ్మ కాలు నా చేతిలోనే ఉంది.

"ఔను" అన్నాను.